కథ అయిపోయిన ఆటతో ఇంకా పనుంది

కథ ప్రధానంగా నడిచే పెద్ద వీడియో గేమ్ పూర్తిచేయడానికి తక్కువ సమయం పట్టదు. రాక్‌స్టార్ గేమ్స్ 2018లో విడుదల చేసిన ‘రెడ్ డెడ్ రిడెంప్షన్ 2’లో పక్కదారులు పట్టకుండా అసలు కథ ఒక్కటే ఆడినా దాదాపు 50 గంటలవుతుంది. అన్ని గంటలు ఒక మనిషి వెంట తిరిగి, అతని గుర్రానికి మేత పెట్టి, అతని తప్పుల్లో చెయ్యి కలిపి, చివరికి అతని చావు చూశాక ఆటగాడికి మిగిలేది ఖాళీ సాయంత్రాలు. అప్పుడేం చేయాలన్నదానికి రెండు జవాబులు సిద్ధంగా ఉంటాయి. డిస్కౌంట్‌లో కొని పక్కన పెట్టిన ఇంకో గేమ్ మొదలుపెట్టడం ఒకటి, మిగిలిపోయిన చిల్లర పనులన్నీ ముగించి నూటికి నూరు శాతం పూర్తి అనిపించుకోవడం రెండోది. రెండూ తొందరపాటు జవాబులే. కొన్నాళ్లు కొత్త ఆట జోలికి పోకుండా, ముగిసిన కథ గురించి ఎవరితోనైనా మాట్లాడాలి, దాని వెనకున్న చరిత్ర చదవాలి, వీలైతే నాలుగు పేరాలు రాయాలి. అవి తెలుగులో జరగాలి. మంచి నవలకూ నాటకానికీ మనవాళ్లు ఇచ్చిన మర్యాద ఇది. ఆటకు మాత్రం ఎందుకు ఇవ్వకూడదో చెప్పే కారణం నాకు దొరకలేదు.

ఈ గేమ్‌నే ఉదాహరణగా తీసుకుంటాను. విడుదలై ఏళ్లయింది, 7 కోట్లకు పైగా కాపీలు అమ్ముడుపోయాయి కాబట్టి ముగింపు చెప్పినా ఫరవాలేదు. కాలం 1899, చోటు అమెరికా. డచ్ అనే నాయకుడి దొంగల ముఠాలో ఆర్థర్ మోర్గన్ కుడిభుజం. బాకీ వసూలుకు వెళ్లి ఒక జబ్బు రైతును చితకబాదుతాడు. ఆ రైతు దగ్గినప్పుడు అంటుకున్న క్షయ ఆర్థర్‌ను లోపలినుంచి తినేస్తుంది. పోయే ముందు తన టోపీని, సంచినీ ముఠాలో తోటివాడైన జాన్ మార్‌స్టన్ చేతిలో పెట్టి, పెళ్లాం బిడ్డల దగ్గరికి పొమ్మని పంపేస్తాడు. మామూలు కథ అయితే అక్కడ ఆగిపోయేది. ఈ గేమ్ ఆగదు. ఏళ్లు దాటి 1907లో మళ్లీ మొదలవుతుంది. ఇప్పుడు మన చేతిలో ఉన్నది జాన్. అతను వేరొకరి పశువుల క్షేత్రంలో కూలికి చేరి పేడ ఎత్తుతాడు, పాలు పితుకుతాడు, కంచెలు వేస్తాడు. బ్యాంకు అప్పుతో నేల కొని, మేకు మీద మేకు కొట్టి ఇల్లు కట్టుకుంటాడు. తుపాకుల మోతకు అలవాటుపడిన చాలామందికి ఈ భాగం నత్తనడకలా తోచింది, విసుక్కున్నారు కూడా. గేమ్ మొత్తంలో రచయితలు తీసుకున్న అత్యుత్తమ నిర్ణయం అదేనని నా అభిప్రాయం. చావు తర్వాత బతుకు ఎలా సాగుతుందో చేతులతో చేయించి చూపించారు. ఆటగాడు తెర ఆపేశాక చేయాల్సిన పనిని తెర మీదే మొదలుపెట్టించారు.

ఈ తెలివి మనకు కొత్తేమీ కాదు. భారత యుద్ధం పద్దెనిమిది రోజుల్లో ముగుస్తుంది. భారతం మాత్రం దుర్యోధనుడి తొడ విరగడంతో ముగియదు. స్త్రీ పర్వంలో ఏడవాల్సినవాళ్లు ఏడుస్తారు, శాంతి పర్వంలో ధర్మరాజు సందేహాలన్నీ అడుగుతాడు. ఆ శాంతి పర్వమే మొత్తం గ్రంథంలో అన్నిటికన్నా పెద్దది. తిక్కన కూడా యుద్ధంతో కలం పక్కన పెట్టకుండా స్వర్గారోహణం దాకా నడిచాడు. చిత్తూరు ప్రాంతపు ఊళ్లలో ద్రౌపదమ్మ గుళ్ల దగ్గర ఏటా భారతం ఉత్సవాలు జరుగుతాయి. పగలు హరికథ, రాత్రి వీధి నాటకం. అక్కడా దుర్యోధన వధతో జనాన్ని ఇళ్లకు పంపేయరు, ధర్మరాజు పట్టాభిషేకం చేసి ముగిస్తారు. పెద్ద కథ విన్న మనసుకు దిగిరావడానికి కొంత సమయం కావాలని ఆ ఉత్సవాలు నడిపేవాళ్లకు ఎవరూ చెప్పనక్కర్లేదు. గేమ్ ఆడే కుర్రాడికి ఆ సమయం ఇచ్చేవాళ్లు లేరు, అతనే ఇచ్చుకోవాలి.

‘రెడ్ డెడ్ 2’ లోపలే ఆ సమయాన్ని వాడుకునే దారులున్నాయి. ముఠాకు వంట చేసిన పియర్సన్ రోడ్స్ ఊళ్లో దుకాణం పెట్టుకుని ఉంటాడు. ముఠాలో ఉన్నప్పుడు ఎప్పుడూ పుస్తకంలో తలదూర్చి కూర్చునే మేరీ బెత్ రచయిత్రి అయి వాలెంటైన్ రైల్వే స్టేషన్‌లో కనిపిస్తుంది. ముఠాలోని మరో అమ్మాయి టిల్లీ సెయింట్ డెనీ నగరంలో సంసారం చేసుకుంటోంది. కొండ మీద, పొద్దు గూకే వైపు చూస్తూ, ముఠాలోని మిత్రుడు చార్లెస్ పాతిపెట్టిన ఆర్థర్ సమాధి ఉంది. వీటిలో చాలావాటికి దారి చూపే బాణం గుర్తు ఉండదు, ఆటగాడే వెతుక్కుంటూ పోవాలి. అన్నిటికన్నా విలువైనది ఆర్థర్ దినచర్య పుస్తకం. అది జాన్ చేతికొస్తుంది, జాన్ అందులోనే రాయడం కొనసాగిస్తాడు. ఆర్థర్ వేసినంత చక్కగా బొమ్మలు వేయలేడు, అయినా వేస్తాడు. పోయినవాడి పుస్తకంలో బతికున్నవాడు తన వంకర గీతలు గీసుకుంటూ పోవడంకన్నా మంచి సలహా ఏ ఆటగాడికీ ఎవరూ ఇవ్వలేరు. ఇవన్నీ వదిలేసి 30 రాక్షసబల్లి ఎముకల కోసం, 144 సిగరెట్ పెట్టె బొమ్మల కోసం మ్యాప్ పట్టుకుని తిరిగితే వంద శాతం అంకె దగ్గరపడుతుంది. కథ అప్పటికే మనసులోంచి జారిపోయి ఉంటుంది.

గేమ్ అయిపోయాక దిగులేంటి, అది బొమ్మే కదా అనేవాళ్లున్నారు. తెర మీది మనుషులతో ఏకపక్షంగా పెంచుకునే బంధం గురించి డోనాల్డ్ హార్టన్, రిచర్డ్ వోల్ 1956లోనే రాశారు. అప్పటికి వాళ్ల ముందున్నవి రేడియో, టీవీ. గేమ్‌లో ఆ బంధం ఇంకో మెట్టు ఎక్కుతుంది. ఆ జబ్బు రైతును కొట్టేటప్పుడు బటన్ నొక్కింది ఆటగాడి వేలే. కొట్టకుండా తప్పించుకునే వీలు రచయితలు ఇవ్వలేదు. నవలలో పాత్ర తప్పు చేస్తే చదివేవాడు చూస్తాడు, ఇక్కడ ఆడేవాడు చేస్తాడు. తర్వాత ఎప్పుడో ఆ రైతు భార్యనూ కొడుకునూ వీధిన పడ్డ స్థితిలో చూసినప్పుడు కలిగే ఇబ్బంది అందుకే మామూలు కన్నీళ్లకన్నా బరువైనది. ఆ ఇబ్బందికి మాటలు దొరకాలి. దొరకకపోతే వారానికల్లా ‘గ్రాఫిక్స్ బాగున్నాయి’ అన్న ఒక్క ముక్కగా కుదించుకుపోతుంది.

ఈ దిగులును జబ్బుగా చూడటం కూడా పొరపాటే. ప్రపంచ ఆరోగ్య సంస్థ జబ్బుల జాబితాలో ‘గేమింగ్ డిజార్డర్’ ఉన్న మాట నిజం. ఆ కొత్త జాబితా 2022 జనవరిలో అమల్లోకి వచ్చింది. ఆట మీద అదుపు తప్పడం, మిగతా జీవితమంతా వెనక్కి పోవడం, నష్టం కళ్లకు కనిపిస్తున్నా ఆపలేకపోవడం, ఇదంతా మామూలుగా ఏడాదిపాటు సాగడం దాని లక్షణాలు. మంచి కథ ముగిసిందని నాలుగు రోజులు మనసు బరువెక్కడం వీటిలోకి రాదు. అయితే ఆ బరువు దిగకుండా నిద్ర, తిండి, చదువు చెడిపోతుంటే కథను పక్కన పెట్టి డాక్టర్‌ను కలవాలి. ప్రభుత్వ టెలీ మానస్ నంబర్ 14416కు తెలుగులోనే ఫోన్ చేయవచ్చు.

తల్లిదండ్రుల అభ్యంతరం వేరు. 50 గంటలు ఆడింది చాలక దాని గురించి మాట్లాడటం, రాయడం కూడానా అంటారు. వాళ్ల భయాన్ని తేలిగ్గా తీసుకోలేం. ఆన్‌లైన్ రమ్మీ, బెట్టింగుల్లో డబ్బులు పోగొట్టుకున్న ఇళ్లు రెండు రాష్ట్రాల్లోనూ ఉన్నాయి. తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో వీటి మీద నిషేధాలు తెచ్చాయి, 2025లో కేంద్రం డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలన్నిటినీ నిషేధిస్తూ చట్టం చేసింది. కానీ అన్ని ఆటలనూ ఒకే గాటన కట్టకూడదు. పబ్జీ లాంటి ఆన్‌లైన్ యుద్ధాలకు ముగింపు లేదు. సీజన్ వెనక సీజన్ వస్తూనే ఉంటుంది, ఆటగాణ్ణి వదలకపోవడం మీదే వాటి వ్యాపారం నడుస్తుంది. కథ ఉన్న ఒంటరి ఆట ఒక రోజు తనంతట తాను అయిపోతుంది, ఇక లేచి వెళ్లమంటుంది. ఆ మాట విని లేచిన పిల్లవాడిని ‘ఆ కథేంటో చెప్పు’ అని అడిగితే పోయేదేమీ లేదు. మాట్లాడే ఆ గంట తెర ముందు గడిచే గంట కాదు. అడగకపోతే వాడు చేసేది తెలిసిందే, వెంటనే మరో 50 గంటలు మొదలుపెడతాడు.

గేమ్‌లు బాగా ఆడేవాళ్లు ఇంకో వాదన తెస్తారు. మళ్లీ ఆడటానికే వీటిని తయారుచేశారు, వేరే నిర్ణయాలు తీసుకుంటే వేరే ముగింపు వస్తుంది, వెంటనే ఇంకో చుట్టు వేస్తేనే గేమ్ పూర్తిగా అర్థమవుతుంది అంటారు. ఆర్థర్ మంచితనాన్ని బట్టి అతని ఆఖరి క్షణాలు మారే మాట వాస్తవమే. ఆర్నెల్లకో ఏడాదికో మళ్లీ ఆడితే మంచి నవల మళ్లీ చదివినంత లాభం. మర్నాడే ఆడితే నిన్న తీసుకున్న నిర్ణయానికి విలువ పోతుంది, తప్పు చేసినా చెరిపేసుకోవచ్చన్న ధీమా మిగులుతుంది. ఈ సంగతి కొందరు గేమ్ రచయితలకే బాగా తెలుసు. టోబీ ఫాక్స్ 2015లో చేసిన ‘అండర్‌టేల్’లో అందరినీ బతికించి శుభంగా ముగించాక మళ్లీ తెరిస్తే, ఒక పాత్ర ఎదురొచ్చి ఇక వీళ్లను సుఖంగా ఉండనివ్వమని బతిమాలుతుంది. యోకో తారో దర్శకత్వంలో 2017లో వచ్చిన ‘నియర్: ఆటోమటా’ ఇంకా ముందుకెళ్లింది. చిట్టచివరి ముగింపులో, ముక్కూ మొహం తెలియని మరో ఆటగాడికి సాయంగా నీ సేవ్ ఫైళ్లన్నీ వదులుకుంటావా అని అడుగుతుంది. అవునంటే నిజంగానే తుడిచేస్తుంది. ఇక యూట్యూబ్‌లో ‘ముగింపు వివరణ’ వీడియోల సంగతి: పేర్లు పడటం అవకముందే వాటిని తెరిస్తే, మనకు ఏమనిపించిందో తేల్చుకోకముందే వేరొకరి అభిప్రాయం మనదైపోతుంది. ముందు మన మాట మనం చెప్పుకుని తర్వాత చూస్తే నష్టం లేదు.

చదవడానికి కావలసినంత ఉంది. ఆర్థర్‌ను పరీక్షించిన డాక్టర్ వెచ్చని, పొడి ప్రాంతానికి వెళ్లి విశ్రాంతి తీసుకోమంటాడు. అప్పటికి అంతకుమించి చెప్పగలిగింది లేదు. క్షయ క్రిమిని రాబర్ట్ కోఖ్ 1882లో కనిపెట్టాడు, స్ట్రెప్టోమైసిన్ వచ్చింది 1940లలో. ఆ రెంటి మధ్య ఆరు దశాబ్దాల్లో ఈ జబ్బు సోకినవాళ్లకు ప్రధానమైన వైద్యం పొడి గాలి, విశ్రాంతి. మదనపల్లె పక్కన ఆరోగ్యవరంలో ఇరవయ్యో శతాబ్దం తొలినాళ్లలో క్షయ శానిటోరియం వెలసింది ఈ నమ్మకంతోనే. ఆర్థర్ దగ్గు విన్నవాడికి ఆరోగ్యవరం చరిత్ర పాఠ్యపుస్తకంలో పేరాలా అనిపించదు. ప్రపంచంలో క్షయ బరువు అత్యధికంగా మోస్తున్న దేశం ఈనాటికీ మనదే. చదవడం అయ్యాక మళ్లీ ఆడాలనిపిస్తే 2010లో వచ్చిన మొదటి ‘రెడ్ డెడ్ రిడెంప్షన్’ ఉంది. దాని కథాకాలం 1911, నాయకుడు ఇదే జాన్. అది 2024లో పీసీకి కూడా వచ్చింది. అందులో ఆర్థర్ పేరు ఎవరూ ఎత్తరు, అప్పటికి ఆ పాత్ర పుట్టనే లేదు మరి. రెండో భాగం ముగించి మొదటిదానికి వెళ్లినవాడికి అందులో అడుగడుగునా ఆర్థర్ లోటు తగులుతుంది, అతన్ని గుర్తుపెట్టుకున్నది తానొక్కడే అనిపిస్తుంది. రచయితలు కావాలని చేసింది కాకపోయినా ఆ అనుభవం గాఢమైనది.

ఇదంతా తెలుగులో ఎందుకు జరగాలి? మనకు ఆ అలవాటు ఉండేది కాబట్టి. వారపత్రికల్లో సీరియళ్లు నడిచిన రోజుల్లో కథానాయిక చేసింది ఒప్పా తప్పా అని పాఠకులు ఉత్తరాల్లో వాదించుకునేవారు. ఈ తరం అంతే తీవ్రంగా కథల్లో మునుగుతోంది, కానీ ఆ కథల గురించి తెలుగులో వాదించుకునే వేదిక వాళ్లకు లేదు. మనలాంటి ఇళ్ల కథలతోనూ గేమ్‌లు వస్తున్నాయి. టొరంటోలోని ఒక చిన్న బృందం 2023లో ‘వెన్బా’ అనే గేమ్ తెచ్చింది. కెనడాకు వలస వెళ్లిన తమిళ దంపతులు, వాళ్ల కొడుకు, చిరిగిపోయిన వంటల పుస్తకం, ఇడ్లీ, పుట్టు. రెండు గంటల్లోపే అయిపోతుంది. డాలస్‌లోనో మెల్‌బోర్న్‌లోనో పెరుగుతున్న తెలుగు పిల్లలకు అందులో తమ ఇల్లే కనిపిస్తుంది. అలాంటి గేమ్‌లు తెలుగు ఇళ్ల కథలతో రావాలంటే ముందు ఆటల కథల గురించి తెలుగులో లోతుగా మాట్లాడేవాళ్లు తయారవాలి. పత్రికల సాహిత్య పేజీలు నెలకొక్కసారైనా ఒక గేమ్ కథ మీద సమీక్ష వేయాలి. లైబ్రరీల్లో, కాలేజీల్లో పుస్తక పరిచయ సభలు పెట్టేవాళ్లు ఒక సాయంత్రం దీనికి కేటాయించాలి. ఈ మధ్యే ఒక గేమ్ ముగించి ఇంకోటి డౌన్‌లోడ్ పెట్టబోతున్న మిత్రులకు నా విన్నపం ఒక్కటే: ఆ డౌన్‌లోడ్ వచ్చే నెలకు వాయిదా వేసి, అయిపోయిన కథ గురించి మూడు వందల మాటలు తెలుగులో రాసి ఏదైనా పత్రికకు పంపండి.