గుండమ్మ వయసెంత?

'గుండమ్మ కథ' (1962) అందరం చూశాం. అందులో అత్తగారు సూర్యకాంతం, అల్లుళ్లు ఎన్టీ రామారావు, అక్కినేని నాగేశ్వరరావు. ముగ్గురిలోకీ వయసులో చిన్నది అత్తగారే! అంతకు ఐదేళ్ల ముందు 'మాయాబజార్'లో ఆమెకు కొడుకైన ఘటోత్కచుడు ఎస్వీ రంగారావు ఆమె కంటే ఆరేళ్లు పెద్ద. మగవాడి వయసు మాత్రం తెర మీద కదలదు. 'బడిపంతులు' (1972)లో రామారావుకు మనవరాలిగా వేసిన శ్రీదేవి 'వేటగాడు' (1979) నాటికి ఆయన పక్కన నాయిక అయింది.

సూర్యకాంతం 1924లో కాకినాడ దగ్గర వెంకటకృష్ణరాయపురంలో పుట్టింది. నాయిక వేషం చేతికందాక కారు ప్రమాదంలో మొహానికి గాయమై ఆ అవకాశం పోయింది. 'సంసారం' (1950)లో గయ్యాళి వేషం కట్టేనాటికి నిండా పాతికేళ్లది. అంతే, ఆ పైన 1994లో చనిపోయేదాకా మన పరిశ్రమ ఆమెను దాదాపు ఆ వాకిలి దాటనివ్వలేదు.

ఇంతకీ గుండమ్మ చేసిన నేరమేమిటి? సవతి కూతుర్ని పనిమనిషిని చేసింది. అది తప్పే, నేను వెనకేసుకురావడం లేదు. కానీ హాల్లో జనం పగలబడి నవ్వింది దానికి శిక్ష పడిందనా? మగదిక్కు లేకుండా, ఆస్తి తన చేతిలో ఉంచుకుని ఇల్లు నడుపుతున్న విధవరాలి పొగరు అణిగిందని. ఆమెను ఏడిపించడానికి మళ్లీ ఇంకో ఆడదాన్నే, ఛాయాదేవి వేసిన దుర్గమ్మను, తీసుకొచ్చారు. ఆడదానికి ఆడదే శత్రువు అని మన నోటితోనే అనిపించడానికి ఇంతకంటే ఏం కావాలి? ఇలాంటి కథల్లో కట్నం లెక్కపెట్టుకున్న మామగారు అరుగు మీద పేపరు చదువుకుంటూ ఉంటాడు, పాపం అమాయకుడు! కట్నం చావులకు 1986లో 304బి సెక్షన్ వచ్చింది. అయినా రాజీకి కూర్చున్న పెద్దలు ఇప్పటికీ 'అంతా ఆ అత్త చేసిందమ్మా, కుర్రాడు మంచివాడు' అంటారు. ఆ మాట ఏ సినిమాలో నేర్చుకున్నారో వేరే చెప్పాలా?

ఆమెను పొగిడేవాళ్లదీ ఇదే దారి. తెర మీద గయ్యాళి గానీ మనసు వెన్న అట, ఇంటి నుంచి వండి తెచ్చి షూటింగులో అందరికీ పెట్టేదట. నిజమే, పెట్టేది. రంగారావు మంచివాడని చెప్పడానికి ఆయన ఎవరికి పులిహోర వడ్డించాడో ఎవరైనా వెతికారా? ఎడమ చెయ్యి విసిరి, ఒక్క మూతి విరుపుతో ఎదుటివాడి డైలాగు మింగేసే ఆ పనితనం గురించి రాయండి. ఇద్దరు అగ్రనాయకులుండగా సినిమాకు ఆమె పాత్ర పేరే పెట్టారు కదా.

ఆ నటి పేరు మా అనకాపల్లిలో తిట్టు. బెల్లం మార్కెట్టులో కూలి లెక్క తేడా వచ్చిందని గొంతెత్తిన ఆడమనిషిని సూర్యకాంతం అంటారు. పక్కనే అదే మాట అడిగిన మగవాడికి ఏ నటుడి పేరూ తగిలించరు. పుట్టింట్లో వాటా అడిగిన ఆడపడుచుకైతే ఈ బిరుదు ఖాయం.

తమాషా ఏమిటంటే, ఉమ్మడి కుటుంబ ఆస్తిలో కూతురికి సమాన హక్కు ఇచ్చే సవరణను 1985లో తెచ్చింది ఆ గుండమ్మ అల్లుడు రామారావు ప్రభుత్వమే. అప్పటికే పెళ్లయిన కూతుళ్లను మినహాయించారు. 2005 కేంద్ర సవరణతో ఆ అడ్డు తొలగింది. 2005 సెప్టెంబరు 9 నాటికి తండ్రి బతికి లేకపోయినా కూతురి హక్కు పోదని 2020లో సుప్రీంకోర్టు తేల్చింది. 2004 డిసెంబరు 20కి ముందే చట్టప్రకారం పూర్తయిన పంపకాలను మాత్రం తిరగదోడలేం. కాబట్టి అన్నదమ్ములు హక్కు విడుదల కాగితం తెస్తే అది ఏ పొలానికి, ఏ సర్వే నంబరుకి, పంపకం ఎప్పుడు జరిగిందని రాశారో చదివించుకోండి. చదివేదాకా వేలిముద్ర వెయ్యకండి, సంతకం పెట్టకండి.