బీజీఎం తర్వాత చూద్దాంలే!

మా షార్ట్ ఫిల్మ్ టీములో రోజూ వినే మాట ఇది. ఫెస్ట్ ముందు రాత్రి ఏదో మ్యూజిక్ అతికించేస్తాం. అతుకు తెలిసిపోతూనే ఉంటుంది. 1928 నాటి ‘స్టీమ్‌బోట్ విల్లీ’ గురించి చదివాక మాత్రం సిగ్గేసింది. విల్‌ఫ్రెడ్ జాక్సన్ మెట్రోనోమ్ పెట్టి తాళం లెక్కగట్టాడు. ఒక్కో దెబ్బకి ఎన్ని ఫ్రేములో తేల్చుకుని, ఆ లెక్క ప్రకారమే అబ్ ఐవర్క్స్ బృందం బొమ్మలు గీసింది. అయినా మొదటి రికార్డింగులో ఆర్కెస్ట్రా తాళం తప్పింది. డిస్నీ సర్దుకుపోలేదు. తెర మీద ఎగిరే బంతిని చూస్తూ వాయించేలా ఏర్పాటు చేసి, మళ్లీ రికార్డు చేయించాడు. అందుకే మిక్కీ ఆవు పళ్ల మీద పాట వాయిస్తుంటే ఇప్పటికీ నవ్వొస్తుంది. గోడలు లేచాక ఎవరైనా పునాది తవ్వుతారా? ఈసారి స్క్రిప్టుతోపాటే తాళం కూడా రాసుకుందాం. ఏమంటారు?