మల్కిభరాముడి పేరుకు పట్టాదారులెవరు?

అబ్రహామే బ్రహ్మ, అతని భార్య సారాయే సరస్వతి అనే వాదం మన పండితమ్మన్యులలో కొందరికి మహా ప్రీతి. ఇది వారు కొత్తగా కనిపెట్టిందీ కాదు. 18వ శతాబ్దంలో వోల్టేర్ అంతటివాడు అబ్రహాము పేరుకు ఇండియాలో మూలం వెదికాడు. ఆయన గురి చర్చి పెత్తనం మీద. పైగా తులనాత్మక భాషాశాస్త్రం అప్పటికింకా రూపు దిద్దుకోలేదు. ఈనాటి వారికి ఆ సాకు కూడా లేదు.

ఋగ్వేదంలో బ్రహ్మ శబ్దానికి మంత్రం, స్తోత్రం అని అర్థం. పెరుగుదలను సూచించే 'బృహ్' ధాతువు నుంచి దాన్ని సాధిస్తారు. అబ్రహాములో మొదటి భాగం 'అబ్', అంటే హీబ్రూలో తండ్రి. ఆ 'బ' తండ్రిది. దాన్ని ఊడదీసి బ్రహ్మకు అతికించడానికి వీల్లేదు. సారా అంటే రాకుమారి, సరస్వతి అంటే జలాలు గలది. చెవికి ఒకటిగా వినబడితే చాలునంటే, తెలుగులోనూ తండ్రిని అబ్బ అంటాం గదా! 'అబ్బ-రాముడు' అని విరిచి ఆ మహనీయుణ్ణి ఏ కడపకో తరలించవచ్చు.

అలాగని మతగ్రంథం చెప్పిన అర్థాన్ని కళ్ళకద్దుకోవాలా? ఆదికాండం 17వ అధ్యాయం అబ్రామును అబ్రహాముగా మార్చి, అనేక జాతుల తండ్రి అనే అర్థం చెబుతుంది. కాని 'రహామ్' అనే మాట హీబ్రూలో విడిగా కనబడదు. కొందరు అరబ్బీ సాయం తెచ్చుకున్నారు. రెండూ ఒకే పేరుకు మాండలిక భేదాలని మరికొందరన్నారు. ఈ రెండో మాటే సబబు. కథకుడు పేరును చూసి అర్థం కల్పించాడు.

ఇదే పేరు అరబ్బీలో ఇబ్రాహీం. 1550 నుంచి 1580 వరకు గోలకొండ నేలిన ఇబ్రాహీం కుతుబ్‌షాను మన కవులు మల్కిభరాముణ్ణి చేశారు. మలిక్ అంటే రాజు. అద్దంకి గంగాధరకవి 'తపతీ సంవరణోపాఖ్యానం' ఆయనకే అంకితమిచ్చాడు. ఇభమంటే ఏనుగు గనుక ఆయన గజరాముడని రేపెవరైనా వ్యాఖ్య రాసినా ఆశ్చర్యపోనక్కర్లేదు! ఆ కవులు పరాయి పేరును తెలుగు నాలుకకూ పద్యం నడకకూ ఒదిగించుకున్నారే గాని, రాజు పుట్టుకను మార్చలేదు. ఇందులో కొలువుకూటి సంగతీ ఉంది. విజయనగరంలో ఏడేళ్ళు తలదాచుకున్న ఆ రాజే 1565లో రామరాయల మీద కత్తి దూశాడు. పేరులోని రాముడు అడ్డుపడలేదు.

పల్లెలకు రండి. దర్గాకు మొక్కుకుని బిడ్డలకు మస్తానయ్య, హుస్సేనమ్మ అని పేర్లు పెట్టుకున్న హిందూ కూలీలు ఏ ధాతుపాఠం తిరగేశారు? ముస్లింతో 'మీ ఇబ్రహీం మా బ్రహ్మే' అనేవారు అతని కోసం సగం చాప పరుస్తున్నారా, అతని చాప లాక్కుంటున్నారా? క్రైస్తవంలో చేరిన దళితుడు అబ్రహామని పేరు పెట్టుకుని, ఊరి పెద్దలు ఈసడించి పిలిచే పిలుపు నుంచి బయటపడ్డాడు. 'అది బ్రహ్మ పేరేనోయ్' అని ఇప్పుడతన్ని వెనక్కి పిలుస్తున్నారు. బ్రహ్మ పాదాల దగ్గర కూడా తనకు చోటివ్వని కథ అతనికి బాగా తెలుసు.