బొమ్మకు రంగెవరు వేశారు?

“మావాడికి బొమ్మ గీయడం రాదుగానీ, రంగులు మాత్రం మహా బాగా వేస్తాడండీ” అని ఏ తండ్రయినా నలుగురిలో గర్వంగా చెప్పుకోగా విన్నారా? వినరు. గీయడం విద్య, రంగు పూయడం సెలవుల్లో పిల్లల కాలక్షేపం అని మన ఉద్దేశం. అసలు అది కూడా ఒక ఉద్యోగమేనా అని నవ్వేవారే ఎక్కువ.

అమెరికాలో బొమ్మల కథల పుస్తకాలకు రంగులు వేయడమే వృత్తిగా పెట్టుకున్నవారున్నారు. మేరీ సెవెరిన్ అనే ఆవిడ 1949 ప్రాంతంలో ఇ.సి. కామిక్స్ అనే సంస్థలో ఈ పనికి చేరింది. తరవాత తానే పేరుమోసిన చిత్రకారిణి అయి, 2018లో కన్నుమూసింది. ఆ రోజుల్లో ఆ పని ఎట్లా జరిగేదంటే, ఒకరు పెన్సిలుతో గీసేవారు, మరొకరు సిరా దిద్దేవారు, ఆ నలుపు బొమ్మ నకలు మీద ఈవిడ రంగునీళ్లతో నమూనా వేసి, ఏ చోట ఏ రంగు ఎంత పాలు ఉండాలో అంకెలు వేసి బ్లాకులు చేసేవారికి పంపాలి. పసుపు, ఎరుపు, నీలం మూడే సిరాలు. ఒక్కొక్కటీ అసలు లేకపోవడం, పాతికపాళ్లు, సగం, నిండుగా అని నాలుగు రకాలు. నాలుగు నాలుగుల పదహారు, పదహారు నాలుగుల 64. అంతే, ఆ 64 రంగుల్లోనే తెల్లవారుజామూ, నెత్తురూ, దయ్యమూ అన్నీ చూపించాలి! ఇంత చేసినా చాలాకాలం పుస్తకంలో రచయిత పేరు, చిత్రకారుడి పేరు వేశారుగాని, రంగులు వేసినవారి పేరు వేయడం అరుదు.

అంతదూరం పోవడమెందుకు? గుంతకల్లులో బెంగుళూరు రైలెక్కండి. ధర్మవరం, పెనుకొండ, హిందూపురం వరుసగా వస్తాయి. ధర్మవరంలో దిగితే ఆ మండలంలోనే నిమ్మలకుంట అనే ఊరుంది. తోలుబొమ్మలవారి ఊరు. రామాయణాన్ని బొమ్మబొమ్మగా, రంగురంగుగా జనానికి చూపించిన ఈ కుటుంబాలకంటె పాత బొమ్మల కథలవారు మనకెవరున్నారు?

మేకతోలును నానబెట్టి, వెంట్రుకలు గీకి, సాగదీసి ఎండబెడతారు. అది పల్చబడి, దీపానికి అడ్డం పెడితే వెలుతురు ఇవతలికి వచ్చేటట్లవుతుంది. దానిమీద గీత గీసి, నగలూ నాణేలూ ఉండేచోట ఉలితో చిన్నచిన్న బెజ్జాలు కొడతారు. తెరవెనక దీపం వెలిగితే ఆ బెజ్జాలే రవ్వలై మెరుస్తాయి. ఇక రంగు సంగతి. కాగితంమీద వేసినట్లు చిక్కటి రంగు మెత్తితే వెలుతురు ఆగిపోయి సీతమ్మవారు నల్లటి నీడగా మిగులుతుంది. అందుచేత వెలుతురును తనలోంచి పోనిచ్చే రంగు కావాలి. తోలుకు రెండువైపులా వేయాలి. చేతిలో పట్టుకుని చూస్తే ఒక తీరు, దీపం ముందు మరొక తీరు! పగలు చూసి “బాగుంది” అనుకుంటే చాలదన్నమాట. రాత్రి ఆముదపు దీపం వెలుగులో, ఆఖరి వరసలో కూచున్న ముసలమ్మకు కూడా వచ్చినవాడెవడో తెలియాలి. నీలమైతే రాముడు, ఆకుపచ్చ అయితే హనుమంతుడు. కాళ్లూ చేతులూ విడివిడి ముక్కలుగా చేసి దారంతో ముడివేస్తారు గనక ముక్కకూ ముక్కకూ ఛాయ తేడా రాకూడదు కూడాను.

ఈ ఊరి దళవాయి చలపతిరావుగారికి 2020లో పద్మశ్రీ ఇచ్చారు. సంతోషమే. అయితే బిరుదు ఒకరికే ఇవ్వగలరు, పని మాత్రం ఇంటిల్లిపాదిదీ. తోలు గీకే చేయి, ఉలి కొట్టే చేయి, కుంచె పట్టిన చేయి, ఆటనాడు ఆడపాత్రలకు గొంతిచ్చే ఇల్లాలు, ఇందరు కలిస్తేనే ఒక రామాయణం.

సినిమాలూ టెలివిజనూ వచ్చాక రాత్రంతా కూచుని ఆట చూసేవారు తగ్గిపోయారు. వృత్తి ఇప్పుడు దీపపు గుడ్డలూ, గోడకు తగిలించే పటాలూ, గుమ్మానికి కట్టే తోరణాలూ చేయడంలోకి మళ్లింది. ‘లేపాక్షి’ అంగళ్లలో చూసే ఉంటారు. దీన్ని చిన్నచూపు చూసేవారున్నారు. నాకా బాధ లేదు. నెలకు బియ్యం తెచ్చేది ఏదో, దాన్ని చేసేవాడికి మనకంటె బాగా తెలుసు.

ధర్మవరం పట్టుచీర సంగతీ ఇంతే. పడుగుకొక రంగు, పేకకొక రంగు వేసి నేస్తే, మడత విప్పినప్పుడల్లా చీర ఛాయ మారుతుంది. చూసినవారు ధర్మవరాన్ని మెచ్చుకుంటారు, మరీ తెలిసినవారైతే నేతగాణ్ణి మెచ్చుకుంటారు. పొగలుకక్కే తొట్టిమీద వంగి పట్టుచిలపలను ముంచి తీసిన అద్దకంవాడు ఎవరికి గుర్తు?

హిందూపురం దగ్గర లేపాక్షిలో తలెత్తి చూడండి. పెనుకొండలో కోశాధికారి అని చెప్పే విరూపణ్ణా, ఆయన తమ్ముడు వీరణ్ణా పదహారో శతాబ్దంలో కట్టించిన గుడి. కప్పుమీద పార్వతీ కల్యాణం, కిరాతార్జునుల కథ, 24 అడుగుల పొడవున వీరభద్రుడు. జేగురు, పసుపు, ఆకుపచ్చ, తెలుపు, చుట్టూ నల్లటి గీత. డబ్బు పెట్టిన అన్నదమ్ములు కూడా పరివారంతో ఆ కప్పుమీదే ఉన్నారు. రంగు కలిపినవాళ్లు మాత్రం లేరు.

ఇంతకూ ఇవాళ మీ పిల్ల “రంగులు వేయడమే నా ఉద్యోగం” అంటే కొట్టిపారేయకండి. ఇప్పుడు కుంచె లేదు, కంప్యూటరు ఉంది. ముందు ఒకరిదగ్గర చేరి, ఏ ముక్కకు ఆ ముక్క విడదీసి చదునుగా రంగు నింపే పని నేర్చుకుంటారు. విసుగు పని, డబ్బు కొంచెం. అది పట్టుబడితే వెలుగునీడల పని, పేజీకి ఇంత అని కూలి. అమెరికావారు 1992 నుంచి ఐస్నర్ బహుమతుల్లో రంగులు వేసినవారికే విడిగా ఒకటి ఇస్తున్నారు. ఏ దేశపు పుస్తకానికైనా ఇంట్లో కూచుని చేయవచ్చు. కాకపోతే ఒప్పందం కాగితంమీద ఉండాలి, అందులో రెండు సంగతులు ఉండాలి: డబ్బు ఎప్పుడిస్తారు, పేరు ఎక్కడ వేస్తారు.