అవతలి ‘నేను’తో రెండు మాటలు

‘అప్పుడే ఆ స్థలం కొని ఉంటేనా...’ ఈ మాట వినపడని ఇల్లుంటుందా? మా ఇంట్లో దీని రూపం కాస్త వేరు. డిగ్రీ అయ్యాక నాకు బీఈడీలో సీటొచ్చింది. దాన్ని వదులుకుని జర్నలిజం డిప్లొమాలో చేరాను. అప్పట్నుంచీ డీఎస్సీ ప్రకటన పడిన ప్రతిసారీ అమ్మ పేపరు మడిచి నా ముందు పెడుతుంది. ఏమీ అనదు. అదే కష్టం.

అందుకేనేమో, టెడ్ చియాంగ్ రాసిన ఓ పెద్దకథలోని యంత్రం నాకు తెగ నచ్చేసింది. ‘అరైవల్’ సినిమా (2016) చూశారా? దానికి మూలకథ ఈ అమెరికన్ రచయితదే. 2019లో వచ్చిన ‘ఎగ్జలేషన్’ సంపుటిలో చివరి కథ ‘యాంగ్జైటీ ఈజ్ ద డిజీనెస్ ఆఫ్ ఫ్రీడమ్’. అందులోని యంత్రం పేరు ప్రిజమ్. కీబోర్డూ తెరా ఉన్న కంప్యూటరు లాంటిదే. మీట నొక్కగానే లోపల ఓ క్వాంటమ్ కొలత జరుగుతుంది. ఒక లోకంలో ఎర్రలైటు వెలుగుతుంది, మరో లోకంలో నీలంలైటు. అప్పటిదాకా ఒక్కటే అయిన ప్రపంచం అక్కణ్నుంచి రెండు దారులన్నమాట. ఇక ఇక్కడి మీరూ అక్కడి మీరూ కబుర్లు చెప్పుకోవచ్చు!

ఇది బొత్తిగా గాల్లోంచి పుట్టిన ఊహేం కాదు. క్వాంటమ్ కొలతలో సాధ్యమయ్యే ఫలితాలన్నీ వేర్వేరు శాఖల్లో నిజమవుతాయని 1957లో హ్యూ ఎవరెట్ అనే భౌతిక శాస్త్రవేత్త ప్రతిపాదించాడు. ఆ శాఖలు ఒకదాంతో ఒకటి మాట్లాడుకోవడం మాత్రం చియాంగ్ కల్పన.

అలాగని యంత్రాన్ని మంత్రదండం చేయలేదాయన. ప్రిజమ్ లోపల కొన్ని అయాన్లుంటాయి. పంపే సమాచారాన్ని బట్టి అవి ఖర్చయిపోతుంటాయి. రీఛార్జికి వీల్లేని ప్రీపెయిడ్ కార్డు అనుకోండి. అక్షరాలైతే చాలాకాలం వస్తాయి, వీడియో అయితే ఇట్టే కరిగిపోతాయి. అయిపోయాయా, ఆ లోకంతో సంబంధం శాశ్వతంగా తెగినట్టే. ఇంకో మెలికేంటంటే, మీట నొక్కక ముందు జరిగినదాన్ని మార్చి చూపించదు. పదిహేనేళ్ల కిందటి నిర్ణయం గురించి తెలియాలంటే, అంతకుముందే ఆన్ చేసిన పాత ప్రిజమ్ దొరకాలి. అందుకే కథలో పాత ప్రిజమ్‌లకు గిరాకీ, వాటి చుట్టూ వ్యాపారం, మోసం.

మొదట్లో రెండు లోకాలకీ తేడా ఒక్క లైటు రంగే. అదే పెరిగి పెరిగి గాలిని, వానను, ఆఖరికి పుట్టే పిల్లల్ని కూడా మార్చేస్తుంది. అక్కడి తనకు మంచి రోజులొచ్చాయని తెలిసి ఇక్కడ కుళ్లిపోయేవాళ్లు బయల్దేరతారు. పక్కింటివాళ్లమీద అసూయకు అలవాటు పడ్డాం గానీ, మనమీద మనకే అసూయ! ఇలాంటివాళ్లకు సాంత్వన చెప్పే బృందాన్ని డానా అనే ఆవిడ నడుపుతుంటుంది.

అసలు కథ ఆవిడదే. స్కూలు రోజుల్లో విహారయాత్రకెళ్లినప్పుడు మాత్రలతో పట్టుబడితే, అవి స్నేహితురాలు వినెస్సావని చెప్పేసింది. తర్వాత వినెస్సా బతుకు గాడి తప్పింది. తనవల్లేనని డానా ఏళ్లతరబడి కుమిలిపోతూ, అడిగినప్పుడల్లా డబ్బిస్తూ ఉంటుంది. ముగింపు చెప్పేస్తున్నా, ఏమనుకోకండి. ఓ రోజు ఎవరో పేరు లేకుండా కొన్ని వీడియోలు పంపుతారు. అన్నిట్లోనూ వేర్వేరు లోకాల డానాలే. ఒక డానా తప్పు తనమీద వేసుకుంది. మరొకామె ఇంకోలా చేసింది. ఎక్కడా వినెస్సా మాత్రం బాగుపడలేదు.

పంపింది ఆ బృందానికి వచ్చే నాట్ అనే అమ్మాయి. వాటికోసం తన డబ్బు ఖర్చుపెట్టింది. చదివి కళ్లు చెమర్చాయి. కాసేపటికి మాత్రం ఓ పాడు అనుమానం మొదలైంది. వినెస్సా సుఖంగా ఉన్న లోకం ఒక్కటి దొరికి ఉంటే? నాట్ ఆ వీడియో కూడా పంపేదా? నేనైతే పంపేదాన్ని కాదేమో. డానా స్థానంలో ఉంటే మాత్రం, దాచినవాళ్లని క్షమించేదాన్నీ కాదు.

రాత్రి భోజనాల దగ్గర అమ్మకి కథంతా చెప్పాను. ఎర్రలైటు, నీలంలైటు, అయాన్లు... అన్నీ ఓపిగ్గా వింది. మజ్జిగ పోస్తూ అడిగింది.

‘‘అయితే అక్కడైనా టీచరువయ్యావా?’’