కరాటే అమ్మాయిలకేనా?

బడిలో ఆత్మరక్షణ శిక్షణ అనగానే అమ్మాయిలను వరుసలో నిలబెడతారు. అబ్బాయిలు బంతి తీసుకుని మైదానం అవతలికి వెళ్లిపోతారు. సమగ్ర శిక్షా పథకం కింద రాణీ లక్ష్మీబాయి పేరుతో 6 నుంచి 12వ తరగతి వరకు ఆడపిల్లలకు ఇస్తున్న ఈ శిక్షణ మంచిదే. అది వద్దని నేను అనను. అబ్బాయిలకు ఎందుకు లేదని మాత్రం అడుగుతాను.

కరాటే అంటే కొట్టడం నేర్పే విద్య అని చాలామంది అనుకుంటారు. మూడేళ్లుగా నేను సాయంత్రాలు నేర్చుకుంటున్నాను. మాకు మొదట నేర్పింది కొట్టడం కాదు, నిలబడటం. మోకాలు వంచి, వీపు నిటారుగా ఉంచి, కాళ్లు వణికేదాకా అలాగే ఉండాలి. ఇంటికొచ్చాక మెట్లెక్కలేక అమ్మను పిలిచిన రోజులున్నాయి. షోటోకాన్ పద్ధతిలో పిల్లలు ముందుగా నేర్చుకునే కటా పేరు హేయన్ షోదాన్. అందులో మొదటి కదలిక దెబ్బ కాదు, ఎడమచేత్తో కిందికి అడ్డుకోవడం. ఇద్దరేసి సాధన చేసేటప్పుడు పిడికిలి ఎదుటివాళ్ల ముఖం దాకా వెళ్లి, తగలకముందే ఆగాలి. గట్టిగా గుద్దడం తొందరగానే వచ్చేసింది. ఆపడం రావడానికి ఏడాది పైనే పట్టింది. పోటీల్లోనూ అదుపు తప్పి గట్టిగా తగిలిస్తే పాయింటు రాదు, హెచ్చరిక వస్తుంది.

మరి చేయి అదుపులో పెట్టుకోవడం అమ్మాయిలు మాత్రమే నేర్చుకుంటే సరిపోతుందా? బస్సుల్లో, బడి గేటు దగ్గర మమ్మల్ని మేము ఎవరి నుంచి కాపాడుకోవాలో అందరికీ తెలిసిందే. జాగ్రత్తపడే పని మొత్తం మా మీదే పెడితే ఎలా? పెద్దపిల్లల చేతిలో దెబ్బలు తిని ఎవరికీ చెప్పుకోని అబ్బాయిలూ ఉన్నారు. మగపిల్లాడివి, ఏడుస్తావా అంటారని చెప్పరు. ఆత్మరక్షణలోని ‘ఆత్మ’ వాళ్లకీ ఉంది కదా!

పథకం ప్రకారం ఈ శిక్షణ మూడు నెలలు. ఆ మూడు నెలల్లో అరవడం మాత్రం వస్తుంది. అదేమీ చిన్న విషయం కాదు. ‘కియాయ్’ అని అరవమంటే మొదట్లో మా వరుసలో సగం మందికి గొంతే పెగల్లేదు. ఇంట్లో మెల్లగా మాట్లాడమని పెంచిన పిల్లలం మరి. కానీ దెబ్బను ఆపగలిగే అదుపు మూడు నెలల్లో రాదు.

అందుకే ఆటల పీరియడ్లలో వారానికి ఒకటైనా ఏడాది పొడవునా కరాటేకి ఇవ్వాలి. అందరినీ ఒకే వరుసలో నిలబెట్టాలి. జత మారిన ప్రతిసారీ ఎదుటివారికి వంగి నమస్కరించాలన్నది కరాటే నియమం. మా తరగతి అబ్బాయిలు మాకు, మేము వాళ్లకు అలా నమస్కరించి సాధన మొదలుపెట్టే రోజును చూడాలని ఉంది.