మంచుకు దోషి లేడు

1991 డిసెంబరులో సోవియట్ యూనియన్ రద్దయింది. అప్పటినుంచి మన కవులలో కొందరికి రష్యా అంటే మంచు. తెల్లబడిన వీధులు, రొట్టెకోసం బారులు తీరిన ముసలమ్మలు, మంచు కప్పిన లెనిన్ విగ్రహం - ఈ మూడూ చేరితే కావ్యం సిద్ధం! మాస్కోలో అచ్చయిన తెలుగు పుస్తకాలను విశాలాంధ్రలో కొని చదివి పెరిగిన తరానికి ఈ దుఃఖం సహజమే. కాని పాఠకుడు నిట్టూర్చి ఊరుకోవాలా? ఆ చలి ఎక్కడినుంచి వచ్చిందో అడగవద్దా?

1992 జనవరి 2న ఎల్సిన్ ప్రభుత్వం అత్యధిక సరుకుల ధరలపై అదుపు ఎత్తివేసింది. ఏడాది తిరిగేసరికి ధరలు 25 రెట్లకు పైగా పెరిగాయి. జీవితమంతా కూడబెట్టిన సొమ్ము చిత్తుకాగితమయింది. 1995లో ప్రభుత్వానికి అప్పిచ్చిన నెపంతో కొద్దిమంది బ్యాంకర్లు చమురు, నికెల్ సంస్థలను కారుచౌకగా చేజిక్కించుకున్నారు. 1990లో 64 ఏళ్ల దరిదాపున ఉన్న పురుషుల సగటు ఆయుర్దాయం 1994లో 58కి దిగువకు పడిపోయింది. ముసలమ్మ వీధిలో నిలబడి తన దుప్పటి అమ్ముకున్నది ఇందువల్ల. దీనికి శీతకాలమని పేరు పెట్టడం దొంగను వదిలి వాతావరణాన్ని తిట్టడమే!

రొట్టె బారులు 1991కి ముందు లేవా అని అడుగుతారు. ఉన్నాయి. ఆ వ్యవస్థ చేసిన తప్పులను దాచమని ఏ అభ్యుదయ రచయితా అనరాదు. వాటికీ లెక్క చెప్పవలసిందే. మంచు ఆ లెక్కనూ కప్పేస్తుంది, ఈ లెక్కనూ కప్పేస్తుంది.

ఇది దూరదేశపు గొడవ కాదు. పల్నాట దాచేపల్లిలోనూ పుష్యమాసంలో మంచు పడుతుంది. తెల్లవారుజామున పత్తి ఏదో పొగమంచు ఏదో తెలియదు. వర్ణించడానికి ఎంత ఇంపు! 2021-22 చలికాలంలో గుంటూరు సీమ మిరపతోటల పూతను నల్ల తామరపురుగు తినివేసింది. రైతులు తోటలు పీకివేశారు. "కాలం కలిసిరాలేదు" అన్నారు పెద్దమనుషులు. పురుగు ప్రకృతిదే. మరి పంట పోయినా కౌలు వసూలు చేసింది ప్రకృతా? మందులు అరువిచ్చి వడ్డీ కట్టింది ప్రకృతా? కౌలుదారు గుర్తింపు కార్డుకు భూయజమాని సంతకం తెమ్మన్న 2019 చట్టం మేఘాలు వ్రాసినదా?

కవులారా, మంచును వర్ణించండి, ఎవరూ వద్దనరు. ఆ మంచులో ఎవరు వణికారో, ఎవరు కంబళి లాక్కుపోయారో అదికూడా వ్రాయండి. లేకపోతే మీ కావ్యం చదివి సంతోషించేది ఆ కంబళి కప్పుకున్నవాడే.